ఆరో గడి

నష్టం రాసే ఫారంలో ఆరో గడి: తుఫాను పేరు.
ముందరి ఐదూ సులువు.
ఇంటి యజమాని, తండ్రి లేక భర్త, సర్వే నంబరు,
గోడ మట్టిదా రాతిదా,
పోయినవి మేకలైతే ఎన్ని.

సువర్ణముఖి ఒడ్డున, చెనిక్కాయ కయ్యలో
మోకాటి లోతు ఇసుక మేట.
దాని మీద నిలబడి రాస్తున్నాను.
మునిచెంగమ్మ ఒక తలుపు మీద కూర్చుంది.
తలుపే. ఇల్లు లేదు.

"పేరేమని రాస్తా ఉండావు నాయనా?"

నాకు తెలిసింది చెప్పాను.
పదమూడు దేశాలు కలిసి
ముందే పేర్ల పట్టీ రాసిపెట్టుకుంటాయని,
వరస తప్పకుండా ఒక్కోటీ తీస్తారని,
ఒకసారి వాడింది మళ్ళీ వాడరని.
పలకడానికి నోరు తిరగాలి,
ఇంగ్లీషులో ఎనిమిది అక్షరాలు దాటకూడదు,
దేవుడి పేరు వద్దు, నాయకుడి పేరు వద్దు,
ఆడా మగా తేలకూడదు.

"పుట్టకముందే పేరా? దిష్టి గదప్పా!"

పోయినేడు మన మీదికొచ్చిన నివర్
ఇరాన్ వాళ్ళు పెట్టింది.
ఈ ఎండాకాలం తౌక్తే, బర్మా వాళ్ళ బల్లి.
దాని వెనకే యాస్, అదేదో మల్లె జాతి పూవంట.
మొన్న గులాబ్.

"బల్లి మీద పడితే యాడ పడిందో శాస్త్రం చూస్తాం,
సరే. పూల పేర్లు ఎందుకు, దానికి?"
కొంగుతో తలుపు మీది బురద తుడిచింది.
"మరి మన దానికేమి పెట్టినారు?"

దీనికి లేదమ్మా.
గాలి గంటకు అరవై రెండు కిలోమీటర్లు దాటాల.
దాటితేనే తుఫాను, తుఫానైతేనే పేరు.
ఇది వాయుగుండంగా వచ్చింది,
వాయుగుండంగానే పోయింది.

ఆమె ఏటి దిక్కు చూసింది.
తిరుపతిలో ఆటోలు తేలిన నీళ్ళు,
కొండ మెట్ల మీద దూకిన నీళ్ళు,
ఇక్కడి పొయ్యి మీది కుండను
మూతతో సహా ఎత్తుకుపోయిన నీళ్ళు.

"గాలికి పెడతారు. నీళ్ళకు పెట్టరా?"

నా దగ్గర దానికి సర్క్యులర్ లేదు.

వాళ్ళ జేజి కాలంలో ఒకటొచ్చిందట,
ఎనుము చింతకొమ్మల్లో ఇరుక్కున్న వాన.
ఇంకోటి, పెండ్లికొడుకు అవతలి గట్టునే
మూడు దినాలు సంగటి తిని ఎనక్కిపోయిన వాన.
ఎనిమిది అక్షరాల్లో ఇమడవు.
ఎవరు పెట్టారో తెలీదు, ఎవరూ కొట్టెయ్యలేదు.

తర్వాత, నేను పేజీ తిప్పుతుంటే, అంది:
"నా తొలిచూలు ఆడబిడ్డ. తొమ్మిది దినాలుండింది.
పదకొండో దినం పెడదామనుకున్న్యాం.
యాభై ఏండ్లాయ.
పేరుంటే ఒకతూరి పిలిచి ఊరకుందును."

నేను ఏమీ రాయలేదు.
ఏటి అవతల ఎవరిదో ఆవు
తాడు తెగిన మెడతో అరుస్తోంది.

ఆఫీసులో కంప్యూటరు ఖాళీ గడిని ఒప్పుకోలేదు.
ఆపరేటరు దొరసామి 'లేదు' అని కొట్టాడు.
పరిహారం పట్టీలో నలభై మూడు ఇండ్లు,
నలభై మూడు సార్లు
తుఫాను పేరు: లేదు.

ఊళ్ళో వాళ్ళు మాత్రం
తలుపు మిగిలిన వాన అంటున్నారు.
అప్పులు, ఈతలు, వాయిదాలు
దానికి ముందు, దాని తర్వాత.

రెండేళ్ళకు ఇంకొకటి వచ్చింది, పేరున్నదే.
ఇల్లు ఖాళీ చెయ్యమని చెప్పడానికి వెళ్ళాను.
"మిచాంగ్," అన్నాను.
రెండుసార్లు పలికి చూసింది, నోరు తిరగలేదు.
"ఎవరు పెట్టినారు?"
"బర్మా వాళ్ళు."
"సల్లంగుండనీ. ముందుగా చెప్పి వస్తా ఉండాది."

మూట కట్టుకుని బయటికొచ్చి తలుపు దగ్గరికేసింది.
ఆ పాత తలుపే.
కొత్త ఇంటి వాకిలికి పొట్టిదైంది,
కింద నాలుగు వేళ్ళ సందు.
ఆ సందులో ఒక గోతం కుక్కి,
కాలితో అదిమి,
ఇంకాసేపు అదుముతూనే నిలబడింది.