తన పాత్రలో తనే

వార్సా దాటాక, మంచు కరిగి బురదైన పొలంలో
ప్లైవుడ్డుతో కట్టారు ఆ ఇల్లు.
కిటికీలు లేవు. అద్దాలున్నాయి, వాటి వెనక మేం.
నా పని చిన్నది:
పొద్దున్నే పన్నెండు మందికీ
కాలరు కింద మైకు తగిలించడం,
రాత్రంతా చెవుల్లో వాళ్ళని మోయడం.

రెండువేల ఒకటి. అప్పటికింకా ఎవరికీ తెలీదు
తనలా తను ఉండటం ఎలాగో.
ఏడుపొస్తే దుప్పటి ముసుగేసుకునేవాళ్ళు,
ముసుగులోనూ మైకుందని మరిచి.

గ్రజీనా. వూచ్ నగరంలో ట్రాము నడిపేది.
నలభై ఒకటో ఏడు. పన్ను మీద పన్ను.
ఒప్పందం కాయితంలో 'పాత్ర' అన్న గడి దగ్గర
తన పేరే రాసి, "ఇంకేం రాయాలి?" అనడిగింది.
నిద్రలో స్టాపుల పేర్లు వరసగా చెప్పేది,
ఒక్కటీ తప్పకుండా, డిపో దాకా.
డిపో రాగానే ఊపిరి మారేది.
నేనప్పుడు వాల్యూము తగ్గించేవాణ్ణి,
పక్కింటి గుట్టు చెవినపడ్డ సిగ్గుతో.

అదేదీ ప్రసారం కాలేదు.
ప్రసారమైంది సూపు గిన్నె విసిరిన రోజు.
నాలుగో వారం, చక్కెర ఎవరో దాచారన్న గొడవ.
నిజానికి గిన్నె జారింది. నేను విన్నాను:
పింగాణీ మీద తడి వేళ్ళ కీచు,
"అయ్యో" అన్న మాట, ఆ తర్వాతే చప్పుడు.
ఎడిటింగు బల్ల మీద ఆ 'అయ్యో' తెగిపోయింది.

ఓట్లలో ఓడి తలుపు దాటి వచ్చింది,
ఎదురుగా అమ్మను చూసి కూలబడింది.
దర్శకుడు పరిగెత్తుకొచ్చాడు: "రెండో కెమెరా ఆగిపోయిందమ్మా,
ఇంకొక్కసారి. అచ్చం ఇప్పట్లాగే."
లోపలికెళ్ళింది. మైకు సరిచేశాను.
గుండె దడకి నా ముల్లు ఎర్రగీత దాటుతోంది.
మళ్ళీ తలుపు. మళ్ళీ అమ్మ.
ఈసారి ఇంకా బాగా కూలబడింది.
దేశమంతా చూసింది ఆ రెండోదాన్నే.

చివర్లో పేర్లు పైకి జరిగాయి:
తన పాత్రలో తనే, గ్రజీనా.

ఆరేళ్ళకి వూచ్‌లో పనిపడి ఆమె ట్రామే ఎక్కాను.
వెనక సీట్ల కుర్రాళ్ళు అరిచారు, "సూపు! సూపు!"
అద్దంలోంచి చూసి, లేని గిన్నెనొకదాన్ని విసిరింది
వాళ్ళు కోరినట్టే. నవ్వులు.
నన్ను గుర్తుపట్టలేదు.
ఎలా పడుతుంది, నేనెప్పుడూ ఒక చెవినే కదా.

ఏదో మిషను చెడిందట, స్టాపుల పేర్లు తనే చెబుతోంది.
ఆ వరస నాకు కంఠతా వచ్చు.
నా స్టాపు వెళ్ళిపోయింది.
డిపో దాకా దిగలేదు.