తట్టల లెక్క

మూడేళ్ల కిందట ఇక్కడే నిలబడి
నాలుగో ఖానా బేరింగును చేత్తో తట్టి చూశాను.
ఈసారి గొడుగు కొన చాచినా అందలేదు.
నేను కుంగలేదు, వంతెన ఎదగలేదు,
స్వర్ణముఖే దిగిపోయింది.

ఆఫీసు బీరువాలో నీలిరంగు నక్షా ఉంది,
మడతల దగ్గర చిరిగి, బొద్దింకల వాసనతో.
అందులో 'ఏటి మట్టం' అని ఒక గీత.
ఆ గీత ఉండాల్సిన చోట
ఇప్పుడు పిచ్చుక ఎగురుతోంది, నా తలకు జానెడు పైన.
ఇసక ఎటు పోయిందో అడగక్కర్లేదు.
రేణిగుంట దాకా కొత్త గోడలన్నీ
పూత కింద కాస్త కాస్త ఏటిని దాచుకున్నాయి.

టేపు రెండో కొస పట్టడానికి మనిషి కావాలంటే
గట్టు మీద చెనక్కాయలు ఉడకబెట్టే చెంగల్రాయుడు దిగొచ్చాడు.
"ఈ కాలు నాకు తెలుసులేమ్మా" అన్నాడు.
"దీన్ని దించినప్పుడు నాకు పన్నెండేండ్లు.
బావి తొవ్వేది కాదు, బావిని దించేది.
ఇసక మీద ఇనప అంచు పెట్టి, దాని మీద ఇటుకల చుట్టు కట్టి
లోపల తోడతా వుంటే
తన బరువుకి తానే దిగతాది.
పైన ఇంకో చుట్టు. మళ్లా తోడేది, మళ్లా దిగేది.
కట్టిందంతా కండ్ల ముందరే మునిగిపోతా వుంటే
పని జరగతా వుండాదని అర్థం."

ఒకసారి తూరుపుకి ఒరిగిందట.
లేచిన పక్కన ఇసక మూటలు పేర్చి
తొమ్మిది దినాలు బుజ్జగించారట.
నీళ్లు పడ్డాక వాళ్ల నాయన ఊపిరి బిగబట్టి దిగి
అంచు కింద అడ్డుపడ్డ రాయిని
వేళ్లతో తడిమి తెచ్చేవాడట.
మా పుస్తకంలో దీన్ని ఒరుగు సవరణ అంటారు.
రెండు పేజీలు.

టేపు జారవిడుస్తుంటే కనపడ్డాయి గీతలు,
బయటి పూత మీద, పచ్చిగా ఉన్నప్పుడు పుల్లతో గీసినవి.
నాలుగు నిలువు, ఒక అడ్డం. నాలుగు నిలువు, ఒక అడ్డం.
పగుళ్లేమో అనుకున్నాను, నా వృత్తి అలాంటిది.
చెంగల్రాయుడు టేపు వదిలేశాడు.

"మా యక్కది. వళ్లెమ్మది.
మాలు తట్టలు మోసేది. మేస్త్రీ తొంబై అని రాస్తే
కాదు, ఇదో నా లెక్క అని ఈడ గీసి పెట్టింది.
పొద్దన్నే కంట్రాక్టర్ని పిలుచుకోనొచ్చేలోగా
రాత్రోళ్లు బాగా తోడేసినారు.
సాక్ష్యం ఇసకలోకి దిగిపొయ్యింది."

ఇద్దరం లెక్కపెట్టాం.
ఇరవై ఏడు కట్టలు, పైన అడ్డగీత పడని రెండు.
నూట ముప్పై ఏడు.
ఆయన మళ్లీ మొదట్నించీ లెక్కపెట్టాడు,
ఒక్కో గీతనీ గోటితో తాకుతూ.
పైన పుత్తూరు బస్సు పోయింది,
ఆ వణుకు నా అరచేతికి తెలిసింది.

ఈ గీతలు కనపడకూడదు.
కనపడ్డాయంటే వంతెన మోకాళ్లు బయటపడ్డట్టు,
కార్తీకంలో ఒక్క తుఫాను వాన చాలు.
రిపోర్టులో రాశాను: పునాది రెండు మీటర్లు బయటపడింది.
బండరాళ్లు పేర్చి, తీగ వల బిగించి పూడ్చాలి. అత్యవసరం.
'ఇతర వివరాలు' అనే గడి వేలెడు కూడా లేదు.
అందులో 137 అని వేశాను.
పైవాళ్లు అడుగుతారు. అడగనీ.

"రాళ్లేస్తే కప్పుకు పోతాదా?"
"పోతుంది."
"పోనీలేమ్మా. బస్సులు పోవల్ల గదా."
గట్టెక్కబోతూ ఆగాడు.
"నలభై ఏడు తట్టల కూలి" అన్నాడు, నాతో కాదు.

పొద్దు వాలుతోంది.
అవతలి గట్టు తుమ్మల చాటున రెండు టిప్పర్లు
ఇంజన్లు ఆపుకుని
చీకటి కోసం చూస్తున్నాయి.