దక్షిణం: సున్నపుగుండు

కాయితంల నా ప్లాటుకు నాలుగు దిక్కులున్నయి.
తూర్పు: ఇరవై ఐదడుగుల తొవ్వ.
ఉత్తరం: ఈదయ్య ప్లాటు.
పడమర: ఖాళీ జాగ.
దక్షిణం: సున్నం పూసిన గుండు.

రెండొందల గజాలు, దమ్మాయిగూడ దాటినంక,
తొంభై తొమ్మిదిల కొన్న.
అప్పటికి మా బస్సు అక్కడిదాక పొయ్యేది కాదు.
ఆఖరి స్టాపుల దిగి నడిస్తే
ముందుగాల కనపడేది ఆ గుండే,
కడుపుతోని బర్రె పండుకున్నట్టు,
నెత్తిన ఇంత సున్నం పట్టెతోని.
డ్యూటీ దిగిన సంచి దానికి ఆనిచ్చి
డబ్బాల మిగిలిన పులిహోర తిన్న.
నా జాగల నేను తిన్న మొదటి బువ్వ అది.

ఇప్పుడు దక్షిణాన గోడ ఉన్నది.
గోడ నర్సోజిది.
రెండడుగుల నాలుగంగుళాలు నా దిక్కు జరిగిందంటే
"నీ దగ్గర రుజువేమున్నదక్కా?" అన్నడు.
మర్యాదగనే అన్నడు. చాయ్ కూడ తెప్పిచ్చిండు.

రుజువు.
ఇరవై ఆరేండ్లు కండక్టరు చేసిన.
టికెట్టు లేదంటే ఎంతటోన్నయినా నడి తొవ్వల దింపినదాన్ని.
రిజిస్ట్రీ కాయితం లామినేషన్ చేపిచ్చిన.
లింకు డాక్యుమెంట్లు, ఈసీ, ఇంటి పన్ను రసీదులు,
కరెంటు మీటరు పెట్టిన నాటి చిట్టీ సుత
తేదీల వరుసల పేర్చి దారం కట్టిన.
వకీలు బొటనవేలుతోని తిప్పి అన్నడు:
"జాగ నీదని అందరొప్పుకుంటరమ్మా.
ఎక్కడిదాక నీదో, అదే ఏ కాయితంల లేదు."

పాత పహాణీ ఉర్దూల ఉన్నది.
చదివిచ్చుకునేతందుకు పత్తర్‌గట్టీ గల్లీల
ఖుద్దూస్ సాబ్ కాడికి పొయ్యిన.
భూతద్దం కిందికి తెచ్చి, పురుగు తిన్న అక్షరాలను ఊదుకుంట
ఒక్కొక్క పేరు చదివిండు,
చచ్చిపోయినోళ్ళ హాజరు తీస్తున్నట్టు.
ఒకకాడ ఆగి నవ్విండు.
"ఇక్కడ 'పత్థర్' అని రాసున్నదమ్మా.
ఏ పత్థరో రాయలే. రాసినోనికి అనుమానం రాలే.
నిలబడి చూస్తే అదొక్కటే కనపడ్డదేమో."
ఈ ఊరంతా గుండ్ల మీదనే కూసున్నది గద సాబ్, అన్న.
ఫీజుల యాభై తగ్గిచ్చుకున్నడు.

అర్జీ పెట్టిన ఏడో నెల
సర్వేకు మౌనిక వచ్చింది, నా చిన్నబిడ్డ ఈడు పిల్ల,
మూడుకాళ్ళ మిషను, ఒక గొడుగు.
పైనుంచి ఉపగ్రహాలు చూస్తయాంటీ, అన్నది.
తలెత్తిన. గద్ద ఒకటి తిరుగుతున్నది.
"మొదలు మాత్రం కింద ఒక పక్కా పాయింటు గావాలె.
ఇండ్ల రాసిన గుండేది?"

నర్సోజి చెప్పులు జూసుకున్నడు.
రెండువేల ఏడుల మందుపెట్టి పేల్చిన్రు దాన్ని.
ఆ పొద్దు నేను డ్యూటీల ఉన్న.
వచ్చేసరికి గుండు లేదు,
అక్కడ ఆకాశం జర ఎక్కువైంది.
సన్న రాళ్ళు తొవ్వ కింద కంకరైనయి,
పెద్దయి ఆయనింటి బేస్‌మెంటుల పొయ్యినయి.
నా బాత్రూము ముంగటి మెట్టు సుత దాని ముక్కనే,
ఊకె పడున్నదని నేనే దొర్లిచ్చుకున్న.
ఈ సంగతి వకీలుకు చెప్పలే.

ఆయన కాయితం గూడ తెమ్మన్నది పిల్ల.
అండ్ల ఉత్తరం: చంద్రకళ ప్లాటు.
చంద్రకళ నేనే.
నేను ఎక్కడిదాక ఉంటే ఆయన అక్కడినుంచి.
నేను ఎక్కడిదాకనో చెప్పేది ఆయనింటి కింద ఉన్నది.
మౌనిక పెన్ను మూత కొరుక్కుంట
శానసేపు ఏం రాయలే.

గోడ మొదట్ల గడ్డి జరిపినం.
ఒక రాయి మీద గోరంత తెలుపు.
రంగు మరక అన్నడు నర్సోజి, వంగి గీకిండు.
సున్నమే అని నేనూ గీకిన.
ఇద్దరి గోర్ల సందుల తెల్లపొడి జేరింది.
పిల్ల ఫోటో తీసుకున్నది.

వాయిదా పద్నాలుగు తారీఖు.
పొద్దుగాల మెట్టు దిగేటప్పుడు
ఎందుకో చెప్పులిడిచి దిగుతున్న.