రెండోదానికి టిక్కెట్టు లేదు

పంటు దిగంగానే లెక్కపెట్టింది మమ్మల్ని:
పదకొండు మంది, ఒక గొడుగు, ఒక చంటిపిల్ల.
"నలభై నిమిషాలండి. పాటు తీసిందంటే
పంటు ఇసకలో కూర్చుంటుందండి, మనూ కూర్చోవాలి"
అంది ధనకోటి.

ఆవిడ తొడుక్కున్న ఖాకీ చొక్కా మగవాళ్ళ కొలతది.
జేబు మీద కుట్టిన పేరు ఆవిడది కాదు.
ఎవరం అడగలేదు.

సరుగుడు తోట దాటితే సన్నాయిలంక దిబ్బ.
గోపురమంత ఊహించుకుని వచ్చామేమో,
మోకాలెత్తు ఇటుకలు కనపడ్డాయి, గుండ్రంగా,
బురదలో దిగబడ్డ బండిచక్రం
అంచు మాత్రం పైకి తేలినట్టు.
"ఇంతేనా?" అన్నాడు రాజమండ్రి కాంట్రాక్టరు.
"ఇక్కడింతేనండి. మిగతాది ఊళ్ళో ఉండేది."

నవ్వాం. ఆవిడ నవ్వలేదు.
"మా అత్తగారి పొయ్యి. కరణంగారి నూతి గట్టు.
రేవులో మూడో మెట్టు.
దొంగతనం అనుకోలేదండెవరూ,
వరదొచ్చినప్పుడు చేతికందింది పట్టుకుంటాం కదండీ,
అలాగే."

"ఇటు రండి, ఎండ పడుతున్న వేపు."
ఒక ఇటుక మీద కుక్క అడుగు.
పచ్చిమీద తొక్కేసి పోయింది, ఎవరిదో.
పక్కనే మూడు వేళ్ళ గీతలు.
"కుక్కని అదిలించబోయిన పిల్లవి అయ్యుంటాయండి.
ఇది నా మాట. బోర్డు మీద లేదు."

బోర్డు మీద ఉన్నది తుప్పు.
'ముట్టుకొనరాదు'లో 'రాదు' రాలిపోయి
'ముట్టుకొన' దాకానే మిగిలింది.
ముట్టుకున్నాను.
నా చూపుడువేలికి ఆ గీత చాలలేదు.
ఎన్ని వందల ఏళ్ళో,
ఆ పిల్ల ఇంకా ఎదగనే లేదు.

గట్టు చివరికి తీసుకెళ్ళింది.
అక్కడ నేల ఉన్నట్టుండి ఆగిపోతుంది,
మాట మధ్యలో లేచి వెళ్ళిపోయిన మనిషిలా.
కొబ్బరిచెట్లు సగం వేళ్ళు గాలికొదిలి
వైనతేయ మీదికి వంగి ఉన్నాయి.
అవతలి ఒడ్డు వెలుతురులో కరిగిపోయింది.
మేం చూస్తుండగానే గదంత పెళ్ళ ఒకటి
మెల్లగా ఒరిగింది.
చప్పుడు తర్వాత వచ్చింది.
చంటిపిల్ల చప్పట్లు కొట్టింది.

ఎగువ కొండలన్నీ నూరి తెచ్చి
నది ఇక్కడ పరిచిందనీ,
మనిషి దాన్ని అరువు తీసుకుని ఇటుక పోశాడనీ,
ఇలాంటివన్నీ నాకు ఇంటికొచ్చాక తోచాయి.
అప్పుడు మాత్రం గొంతెండి
నీళ్ళసీసా మూత ఊరికే తిప్పుతూ నిలబడ్డాను.

అదే గొంతుతో, అదే చెయ్యి చాపి
ధనకోటి నీళ్ళని చూపించడం మొదలెట్టింది.
"ఎడంపక్క సుడి తిరుగుతుంది చూసేరా, అది బడండి.
రెండు గదులు, వరండా.
దాని ఎనకాల రొయ్యల కాటా.
ఆ కొంగ ఎగురుతున్న కాడ మా వాకిలి.
పొయ్యి కూడా అందులోనే ఉండిపోయిందండి.
ఆ ఇటుకలు మళ్ళీ కావాలంటే
ఈసారి తవ్వితే రావు, మునగాలి."

కాంట్రాక్టరు ఫోను దించాడు.
"ఇదెప్పటిదమ్మా?"
"మొన్నటి వరదదండి."
జేబులోంచి యాభై నోటు తీశాడు.
ఆవిడ చెయ్యి చాపలేదు.
"దిబ్బకి ఇరవై, ఇందాకే కట్టేరు.
దీనికి టిక్కెట్టు లేదండి."

రేవులో మళ్ళీ లెక్కపెట్టింది. పదకొండు.
గొడుగు ఎవరో దిబ్బ మీద మర్చిపోయారు.
వెనక్కి పరిగెత్తింది దానికోసం,
వదులు చొక్కా గాలికి ఉబ్బుతుంటే.

పంటు తిన్నగా పోలేదు.
ఏమీ లేని నీళ్ళలో
అంత దూరం వంపు తిరిగింది.
వచ్చేటప్పుడూ తిరిగే ఉంటుంది, మేం చూడలేదు.
ఎందుకని సరంగుని అడిగాను.
చుక్కాని మీంచి కళ్ళు తిప్పకుండానే అన్నాడు,
"కింద గోడలున్నాయండి."