నువ్వుగింజంత పన్ను

రోజుకు ఐదు నూర్లు, పొద్దుగాల చాయ,
మాపటికి జీపుల ఇంటికాడ దింపుడు.
కోస్గి అవుతల నల్లరాతి గడ్డ కింద
మూరెడు మందం తెల్లమట్టి పొర.
తవ్వి, ఎండబెట్టి, గ్యాసునూనెల నానబెట్టి,
కడిగి జల్లెడ పట్టుడు మా పని.
నేను, ఉశమ్మ, అంతమ్మ చిన్నబిడ్డ.

నత్తగుల్లలు దొరికినయి. చేప పొలుసులు. కప్ప ఎముకలు.
"ఈడ చెరువుండె" అన్నది షహనాజ్ మేడం.
ఉండొచ్చు.
మా దిక్కు ఇప్పుడు లేనియన్ని
ఒకప్పుడు ఉండెననే చెప్తరు.

నాలుగో వారం, బేస్తారం నాడు,
జల్లెడ మూలకు నువ్వుగింజంత ఒకటి ఆగింది.
ఇసుకతోని పారబోసేదాన్నే.
కన్ను పట్టలే, ఏలు పట్టింది,
కందిపప్పుల రాయిని పట్టినట్టు.

మేడం తడి కుంచె కొనకు ఎత్తుకొని
భూతద్దం కింద పెట్టి
శానసేపు మాట్లాడలే.
ఆఖరుకు అన్నది:
"పన్ను. పాలు తాగి పెరిగినదాని పన్ను, మొగులమ్మా."

పాలు తాగినట్టు పన్ను చెప్తదా అంటే
నన్ను వంగబెట్టి చూపించింది:
మీద మూడు కొండలు, నడుమ ఒక గుంత.
పైపన్ను రోకలి, కిందిపన్ను రోలు.
పురుగు పెంకును దంచుకొని తిన్న నోరట అది.
చుంచెలుకంత పానం.
ఈ నల్లరాయి ఇంకా కరిగి పారుతుండంగ బతికిందట.

మా జిల్లా పాలమూరు.
పాల ఊరు అనేటోళ్లున్నరు, పాలచెట్ల ఊరు అనేటోళ్లున్నరు.
గింత మన్ను తిన్నదాన్ని, ఏనాడూ నమ్మలే.
ఆ పూట జరంత నమ్మిన.

బువ్వలకాడ మేడం నా జొన్నరొట్టె అడిగి
తినకుండ చింపింది.
ఈ తుకడ ఆఫ్రికా, ఇది మనం,
సత్తుపళ్లెం సముద్రం.
మనం ఇడిపోయి, ఒంటిగ జరిగి జరిగి
పైనున్న పెద్ద తుకడను గుద్దితే
రొట్టె అంచు మడత పడి లేచింది.
అదే హిమాలయమంట.
ఆ మడత మీదికెల్లి కొన్ని ఇటు దిగినయి,
కొన్ని అటు ఎక్కినయి.
ఏవి ముందో, ఏవి ఎనుకనో
ఇంకా కొట్లాడుకుంటున్నరట సదువుకున్నోళ్లు.

ఏనుగు ఆఫ్రికా కెల్లి వచ్చింది.
గుర్రం అమెరికల పుట్టి, నడుచుకుంట ఈ దిక్కుకొచ్చి,
ఆడ ఉన్నయన్ని సచ్చినంక
ఎన్ని వేల ఏండ్లకో ఓడ ఎక్కి పుట్టింటికి పోయింది.
కడుపు సంచిల పిల్లను మోసేటియి
దక్షిణపు కొసన మంచు లేని నాడు
ఆ అడవులు దాటి ఆస్ట్రేలియాకు చేరినయి.
అమ్రాబాద్ అడవిల మా మేనమామ
ఒక రాత్రి చూసిన దేవాంగపిల్లికి
చుట్టాలు ఆఫ్రికా చెట్ల మీద ఉన్నరట, అవే గుడ్డికండ్లేసుకొని.

"ఎవ్వరు తోలిన్రు వీటిని?" అన్నది ఉశమ్మ.
వాళ్లయ్య గొర్ల మందతోని ప్రతి ఎండకాలం
కృష్ణ ఒడ్డుకు పోయి వస్తుండె,
తోలేటోడు లేకుండ మంద కదులుడు
ఆమెకు ఎట్ల సమజైతది!
"ఎవ్వరు తోలలే.
తల్లి ఈ చెట్టు మీద, పిల్ల పక్క చెట్టు మీద.
పిల్ల పిల్ల ఆ పక్క చెట్టు మీద.
ఏ ఒక్కటీ దూరం పోయిన అనుకోలే."

మేడం ఆఫ్రికాను పచ్చడిల అద్దుకొని తిన్నది.
మిగిలిన తుకడలు నాకే ఇచ్చింది.

పన్నును దూదిల పెట్టి,
మాత్రల డబ్బిల పెట్టి,
హైదరాబాదుకు తీస్కపోయిన్రు.
డబ్బి మీద ఒక నంబరు.

ఆ రాత్రి నిద్ర పట్టలే.
అటక మీద జొన్నల సంచికాడ
కటకట, కటకట,
చిన్న రోకలి చిన్న రోట్ల పడుతున్నది.
ఎప్పుడైతె చీపురు తీస్కొని లేస్తుంటి.
పడుకొనే ఇన్న, శానసేపు.
గింత దూరం వచ్చినవా అనుకున్న.

తెల్లారి బోను పెట్టిన.
ఎంత పాతదైనా,
జొన్నలు నావి.