ఎడమ చివర

ఫైసలాబాద్ గంటస్తంభం చుట్టూ ఎనిమిది బజార్లు.
బట్టల బజారులో, మెట్ల కింద, నా కొట్టు.
ఇద్దరు కూర్చుంటే మూడోవాడు నిలబడాలి.
గోడల నిండా ఉస్తాద్ జహాఁదాద్ గొంతు,
నాలుగు వందల పన్నెండు క్యాసెట్లు.
ఉర్సు రాత్రులవి, పెళ్ళిళ్ళవి,
ఎవరి డాబా మీదో పట్టిందొకటి, పాలవాడి కేకతో సహా.

బూజు పట్టిన టేపును దూదితో తుడుస్తాను.
బిగుసుకుంటే పెన్సిలు దూర్చి తిప్పుతాను.
కంప్యూటర్‌లోకి ఎక్కిస్తాను.
వచ్చినవాళ్ళంతా అడిగేది ఒక్కటే:
ఆయన గొంతు ఆకాశానికి నిచ్చెన వేసిన రాత్రి ఏది?

తాబిందా అది అడగలేదు.
బడిపంతులమ్మ. సంచీలో దిద్దని పరీక్ష కాగితాలు.
"మా నాన్న చప్పట్లు కావాలి" అంది.

"గుల్షేర్. వెనక వరుస, ఎడమ చివర.
పగలు మరమగ్గం, రాత్రి ఉస్తాద్.
ముప్ఫయ్యేళ్ళు ఒక్క ముక్క పాడలేదు, తాళం కొట్టాడు.
ఏ అట్ట మీదా పేరు లేదు.
కుడిచేతి వేళ్ళు రెండు మగ్గం తినేసింది,
అందుకే ఆ చప్పుడు వేరేగా ఉంటుంది."

నవ్వబోయి, ఆమె ముఖం చూసి,
హెడ్‌ఫోన్ చేతికిచ్చాను.

శీతాకాలమంతా విన్నాం.
మొదటిసారి నాకు జహాఁదాద్ అడ్డమొచ్చాడు.
జనం లేచి నోట్లు వెదజల్లిన ఆ గొంతు
ఎప్పుడు ఆగి చస్తుందా అని
ఇద్దరం ఊపిరి బిగబట్టి కూర్చునేవాళ్ళం.
(తప్పే. దేవుడు క్షమించాలి.)

రెండు వందల పంతొమ్మిదో టేపు.
కరెంటు పోయింది. మైకు చచ్చింది.
ఎవరి ఒళ్ళోనో బ్యాటరీ రికార్డరు తిరుగుతూనే ఉంది.
ఉస్తాద్ నీళ్ళు తాగుతున్నాడు, గుటక వినపడుతోంది.
చీకట్లో చేతులు మాత్రం
లయ జారిపోకుండా మోస్తున్నాయి,
నిద్రపోయిన పిల్లాడిని ఒకరి భుజం నుంచి ఇంకొకరి భుజానికి మార్చినట్టు.
వాటిలో ఒకటి,
కాస్త బోలుగా,
తడిగుడ్డ విదిలించినట్టు.

తాబిందా రెండు వేళ్ళు మడిచి
తన చేతులు కలిపి చూసింది.
మళ్ళీ చూసింది.
"ఇదే."
పదకొండు సెకన్లు.
ఇరవై రూపాయలు తీసుకున్నాను, వద్దంటే ఊరుకునేది కాదు.

ఆ రాత్రే సిరాతో అట్ట మీద రాశాను:
గానం, జహాఁదాద్. ఎడమ చివర, గుల్షేర్.

మొన్న హార్మోనియం ముసలాయన మునీరుద్దీన్ వచ్చి
టీ చల్లారబెట్టుకుంటూ అట్ట చదివాడు.
"ఆ ఏడు గుల్షేర్ మంచం పట్టాడు కదా,
అక్కడ కూర్చున్నది మా మేనల్లుడు.
చలికి చేతులు కొంకర్లు పోయాయి వాడికి."

ఆమెకు చెప్పలేదు.
ఇంకా నూట తొంభై మూడు టేపులున్నాయి, వింటున్నాను.
అట్ట మీది పేరు
కొట్టేయలేదు.