ముందు కుక్కను కట్టేయండి

నరసాపురం రేవులో పంటు ఎక్కేటప్పుడు
చొక్కా జేబు ఒకసారి తడుముకునేవాణ్ణి.
పర్సు కోసం కాదు.
బొటనవేలంత పెన్‌డ్రైవ్,
మూత పోతే రబ్బరుబ్యాండు చుట్టినది.

అందులో ఒక దొంగ తాళంచెవి.
ఎవడు చేశాడో, ఏ దేశంలో చేశాడో.
కొనని సాఫ్ట్‌వేర్ని కొన్నట్టు నమ్మించేది.
సఖినేటిపల్లి జిరాక్సు షాపులు, మలికిపురం ఫొటో స్టూడియోలు,
రాజోలు దాకా నాదే రాజ్యం.
కంప్యూటర్‌కి రెండొందలు. తెలిసినవాళ్లయితే ఒక టీ.

నొక్కగానే అది అడిగే మొదటి మాట:
యాంటీవైరస్ ఆపండి.
ఆపేవాణ్ణి.
గుమ్మం బయట నిలబడ్డ చుట్టం
ముందు ఆ కుక్కను కట్టేయండి అంటే
కట్టేస్తాం కదా, అలాగే.
అదెందుకు మొరుగుతోందని
నేనెప్పుడూ అడగలేదు.
కాటం ఎస్తేరమ్మ అడిగింది.
"అదేంటి బాబూ, ఎర్రగా అరుస్తోంది?"
"దానికన్నీ అనుమానాలేనండి, ఆయ్."

ఎస్తేరమ్మ లేసు డిజైన్లు గీస్తుంది.
నాలుగూళ్ల ఆడవాళ్లు అరుగుల మీద కూర్చుని
కొక్కెంతో అల్లేవన్నీ
ఆ తెర మీద పుట్టినవే.
నెమలి అంచు, ద్రాక్ష గుత్తి,
ఇంకా పేరు పెట్టని ఒక పువ్వు.
పదకొండేళ్ల పని.

మా చిన్నాన్న లాకుల దగ్గర లస్కరు.
చెప్పేవాడు:
గట్టు తెగితే ఊరంతా పరిగెడుతుందిరా,
ఎండ్రకాయ బొరియకి ఎవడూ పరిగెత్తడు.
పోటుకో చెంబెడు ఉప్పునీళ్లు.
చేను పచ్చగానే ఉంటుంది.
వారం. పది రోజులు.
ఆకు కొస ఎర్రబడేసరికి
వేరు ఎప్పుడో తాగేసి ఉంటుంది.

నలభై రోజులు పచ్చగానే ఉంది
ఎస్తేరమ్మ కంప్యూటర్.
మధ్యలో ఒకసారి నాకు పులస ముక్క కూడా పెట్టింది.

ఆదివారం చర్చి నుంచి వచ్చి తెరిస్తే
ప్రతి ఫైలుకీ తోక మొలిచింది,
నోరు తిరగని తోక.
నల్లటి తెర మీద ఒక ఉత్తరం:
డబ్బు డాలర్లలో, గడువు గంటల్లో.
"వేరే కాపీ ఉందాండీ?"
ఉందంటూ చూపించింది.
అదీ దాని పక్కకే గుచ్చి ఉంది,
దానికీ తోకలే.

తిట్టలేదు. తిడితే బాగుండు.
రెండొందలు వెనక్కిస్తే బల్ల మీద పెట్టమంది.
బీరువాలోంచి అమ్ముడుపోని టేబుల్ గుడ్డ ఒకటి తీసి,
చివరి ముడి కత్తిరించి,
ఒక్కో గొలుసూ విప్పుతూ లెక్కపెట్టడం మొదలెట్టింది.
పద్నాలుగు, పదిహేను, ఒకటి వదిలి, మళ్లీ పదిహేను.
కూతురు నోట్‌బుక్కులో గళ్లు నింపుతోంది.
ఒక గుడ్డ పోతేగానీ
ఒక బొమ్మ తిరిగి రాదు.

వెనక్కి పంటెక్కాను.
వశిష్ఠ పోటు మీద ఉంది.
సముద్రం వైపు నుంచి నీళ్లు
చప్పుడు లేకుండా పైకి ఎక్కుతున్నాయి.
మిగతా ముప్పై నాలుగు షాపులూ
వేళ్ల మీద లెక్కేసుకున్నాను,
ఏ చేనుకి ఎన్నో రోజో.

బండి మీద కూర్చున్న కుర్రాడొకడు వంగి
"అన్నా, అది నీ దగ్గర ఉందంట కదా?" అన్నాడు.
చెయ్యి జేబు మీద పడింది.
గొంతు పెగల్లేదు కాసేపు.
తర్వాత ఏమన్నానో గుర్తులేదు గానీ
పంటులో వాళ్లంతా తిరిగి చూశారు.
మొరిగినంత పని చేశాను.